జరుగుడూరు ఆగిపోయిన రోజులు

నా చెల్లెలు చనిపోయిన రోజు నన్ను ఏడవనివ్వలేదు. ఆ రోజు సంగతి ఎవరైనా అడిగితే ముందుగా నా నోట్లోంచి వచ్చేది ఈ మాటే. చావు సంగతి ఆ తర్వాత వస్తుంది.

చెల్లెలిని మహబూబాబాద్‌లో ఇచ్చాం. మా వైపు పాతవాళ్లు ఆ ఊరిని ఇప్పటికీ మానుకోట అనే అంటారు. ఆమె అత్తగారివాళ్లు మరిపెడ దగ్గరి పల్లె నుంచి వచ్చి, విత్తనాలు, ఎరువుల దుకాణం పెట్టి నిలదొక్కుకున్నవాళ్లు. ఇంట్లో చెల్లెలి మొగుడు, అంటే మా మరిది, అతని అన్నావదినలు, ముసలి తల్లి, నా చెల్లెలు, పదో తరగతి చదివే ఆమె కూతురు. పెత్తనమంతా మరిది వాళ్ల అన్నదే. వానాకాలం మొదట్లో ఆ దుకాణానికి ఊపిరి సలపనంత గిరాకీ. వచ్చే పోయేవాళ్లకు ఇంట్లో పొయ్యి ఆరేది కాదు. సరిగ్గా ఆ రోజుల్లోనే చెల్లెలికి జ్వరం వచ్చింది. గోలి వేసుకుని వండింది, వండి పడుకుంది, మళ్లీ లేచి వండింది. ఫోన్‌లో దవాఖానకు పొమ్మని తిడితే, ఈ గిరాకీ తగ్గనియ్యక్కా పోత, అంది. అది డెంగీ అని తెలిసేసరికి ఒళ్లంతా నీరసించిపోయింది. వరంగల్ తీసుకుపోయారు. అక్కడి నుంచి శవమై వచ్చింది.

జనగామ నుంచి మొదటి రైలు పట్టుకుని మా ఆయనా నేనూ వెళ్లేసరికి ఆమెను వరండాలో పడుకోబెట్టి ఉన్నారు. నేను తల దగ్గర కూర్చుని అందుకున్నాను. మా దగ్గర ఏడవడమంటే కన్నీళ్లు తుడుచుకోవడం కాదు. పోయిన మనిషిని పిలిచి, ఆ మనిషి పుట్టినకాడి నుంచి బతికిన బతుకంతా మాటల్లో పెట్టి, రాగం తీసి ఏడుస్తాం. ఎవరు మంచి చేశారో, ఎవరు కంట్లో కారం కొట్టారో అన్నీ అందులో వస్తాయి. మా అమ్మ, మేం అవ్వ అని పిలుస్తాం, ఆ ఏడుపులో అందె వేసిన చేయి. భూపాలపల్లి బొగ్గుబాయి క్వార్టర్లలో ఎవరింట్లో చావు జరిగినా ముందు ఆమెకే కబురు వచ్చేది. ఆమె దగ్గర నేర్చుకోకుండానే నేర్చుకున్న ఏడుపు అది. ఆ పొద్దున ఆమె ఇంకా దారిలోనే ఉంది.

"ఒళ్లు కాలుతుంటే పొయ్యికాడ నిలవడ్డవా చెల్లె, పొయ్యి వేడా ఒంటి వేడా ఎవరు సూడకపోయిరా చెల్లె" అన్నాను. నేను కావాలని అన్న మాట కాదు. ఏడుపు తనంతట తనే అక్కడికి వెళ్లింది.

మరిది అన్న మా ఆయన చెవి దగ్గరకు వంగడం చూశాను. ఏమన్నాడో మా ఆయన తర్వాత చెప్పాడు. దుకాణం మనుషులు, పెద్ద పెద్ద రైతులు వచ్చి ఉన్నారని, ఈ లొల్లి మంచిగా కనిపించదని, ఈమెకు మతి చలించేలా ఉందని అన్నాడట. కాసేపటికి సందు చివర ఉండే ఆర్‌ఎంపీ డాక్టర్ సంచి పట్టుకుని వచ్చాడు. ఇద్దరు ఆడవాళ్లు నా చేయి పట్టుకున్నారు. బీపీ చూస్తారేమో అనుకున్నాను. సూది గుచ్చుకున్నాక గాని తెలియలేదు.

నేను కళ్లు తెరిచేసరికి వరండా కడిగేసి ఉంది. చెల్లెలు పడుకున్న చోట దీపం పెట్టారు. పాడె లేవడం నేను చూడలేదు. ఆమె మొహం మీద చివరిసారి ఎవరు బొట్టు పెట్టారో ఇప్పటికీ నాకు తెలియదు.

మా ఆయన చెడ్డవాడు కాదు. ఆ మాట ఇక్కడే చెప్పాలి. జనగామలో కరెంటు మోటార్లు చుట్టే పని ఆయనది. ఆయన అన్న పడుచు వయసులోనే పొలం బాయిలో పడి చనిపోయాడు. ఆ తర్వాత వాళ్లమ్మ అన్నం మానేసి, గోడ వైపు తిరిగి పడుకుని, ఏడాది తిరగకముందే కొడుకు వెనకాలే వెళ్లిపోయింది. నేనూ అలాగే అయిపోతానని ఆయన భయం. అందుకే జనగామ రాగానే నన్ను ఒక ప్రైవేటు డాక్టర్ దగ్గరకు తీసుకుపోయాడు. ఆ డాక్టర్ నన్ను ఏమీ అడగలేదు. ప్రశ్నలన్నీ మా ఆయనను అడిగాడు. నిద్ర పోతుందా, అరుస్తుందా, వస్తువులు విసురుతుందా. నేను పక్కనే కూర్చుని ఆ జవాబులు విన్నాను. గోలీలు రాసిచ్చి, ఆలోచించకుండా చూసుకోండి, అన్నాడు.

అలా నాకు నిమ్మళం మొదలైంది. ఫోన్ చేసిన చుట్టాలందరికీ మా ఆయన అదే మాట చెప్పేవాడు, "ఇప్పుడు నిమ్మళంగున్నది" అని. నిజంగానే ఉన్నాను. పొద్దున లేచేదాన్ని. పెట్టింది తినేదాన్ని. ఎవరైనా చెల్లెలి పేరెత్తితే వాళ్లే నాలుక కరుచుకునేవాళ్లు గాని నాకు ఏమీ అయ్యేది కాదు. మధ్యాహ్నం అన్నం తిన్నాక కళ్లు వాటంతట అవే మూతలు పడేవి. ఆ నిద్రలోకి, ఎన్నో ఏళ్లుగా నేను మరిచిపోయిన ఒక ఊరు వచ్చింది.

ఆ ఊరి గురించి చెప్పాలంటే భూపాలపల్లికి పోవాలి. మా బాపు బొగ్గుబాయిలో పనిచేసేవాడు. నైట్ షిఫ్ట్ వారాల్లో పొద్దున వచ్చి, స్నానం చేసి, మంచం మీద పడితే సాయంత్రం దాకా లేచేవాడు కాదు. ఒక గది, ఒక వంటిల్లు ఉన్న క్వార్టర్. మేం చప్పుడు చేస్తే బాపుకు నిద్ర చెడుతుంది, నిద్ర లేకుండా బాయిలోకి దిగితే ఏమవుతుందో అవ్వ నోరు తెరిచి చెప్పకపోయినా మాకు తెలుసు. వేసవి సెలవుల్లో బయట ఎండ. అందుకని నేనూ చెల్లెలూ బాపు పడుకున్న నవారు మంచం కిందకే దూరి, చల్లటి బండల మీద బోర్లా పడుకుని గుసగుసలాడుకునేవాళ్లం. అక్కడ కట్టుకున్న ఊరు అది.

మా అవ్వ పుట్టిల్లు మహదేవపూర్ దగ్గర. అక్కడి గోదావరిని తెచ్చి మా క్వార్టర్ల వెనక పారించాం. బాయి సైరన్‌ను తాడిచెట్టు మీద పెట్టాం. బడిని నేను బజార్లో పెడితే తెల్లారేసరికి చెల్లెలు దాన్ని గోదావరి నడుమ పెట్టేది. నేను కోపంతో, "నిన్న ఈడనే ఉండె గదనే" అనేదాన్ని.

"నిన్న ఉండె. ఇయ్యాల జరిగింది" అనేది.

ఆ ఊరికి ఒకటే కట్టుబాటు. నిన్న ఉన్నది ఈరోజు అక్కడ ఉండకూడదు. ఇల్లయినా, చెట్టయినా, మనిషయినా. దానికి జరుగుడూరు అని పేరు పెట్టింది కూడా చెల్లెలే. నేను పెద్దదాన్ని కదా, నాకు అన్నీ పొందికగా ఉండాలి. ఆమె మాత్రం కనికరం లేకుండా జరిపేసేది. ఒకసారి మా బాపు బాయినే ఎత్తి మా మామిడి చెట్టు మీద పెట్టింది. అలాగైతే బాపు కిందికి దిగక్కర్లేదట, ఎక్కితే చాలట.

పెళ్లిళ్లు అయ్యాక ఆ ఊరి సంగతి మేం మళ్లీ ఎత్తలేదు. పిల్లలు, ఉద్యోగం, సంసారం. అటువంటిది గోలీలు వేసుకున్న మధ్యాహ్నాల్లో అది నా నిద్రలోకి వచ్చింది. మొదటి రోజు సంతోషపడ్డాను, ఎందుకంటే చెల్లెలు అక్కడ ఉంది. క్వార్టర్ మెట్టు మీద కూర్చుని ఉంది, చిన్నప్పటి మనిషే. ఒక జడకు రిబ్బను ఉంది, రెండోది అల్లలేదు. నేను పిలిస్తే తలెత్తి చూసింది. బస్టాండులో నిలబడ్డవాళ్లు తమది కాని బస్సు వైపు ఎలా చూస్తారో అలా చూసి, తల దించుకుంది.

మర్నాడు కూడా అదే మెట్టు, అదే జడ. గోదావరి ఉంది గాని పారడం లేదు. సైరన్ ఉంది, మోగదు. ఇళ్లన్నీ గీత గీసినట్టు వరసగా, గుడ్డతో తుడిచినట్టు శుభ్రంగా ఉన్నాయి. ఏ వాసనా లేదు. రోజుల తరబడి అంతే. ఏదీ జరగలేదు. నేనే బడిని కొంచెం పక్కకు నెట్టి చూద్దామనుకున్నాను, చేయి లేవలేదు. జరుగుడూరికి కూడా ఎవరో సూది వేశారు.

నాకు అప్పుడు ఏడుపు రాలేదు. భయం కూడా వేయలేదు. లేచి, మొహం కడుక్కుని, టీ పెట్టాను.

కొన్నాళ్లకు సెలవు అయిపోయి డ్యూటీకి వెళ్లాను. నేను బస్సు కండక్టర్‌ను. జనగామ నుంచి హనుమకొండ రూటు. నా గొంతు ఆ రూటులో అందరికీ తెలుసు. ఆడవాళ్లకు పైసా లేని జీరో టికెట్ వచ్చాక బస్సులో కాలు పెట్టే సందుండదు. అంత కిక్కిరిసిన బస్సులో వెనక సీటు దాకా వినపడాలంటే ఏ గొంతు కావాలో ఆ గొంతు నాది. ఎవరైనా ముసలామె నిలబడి ఉండగా కుర్రాళ్లు సీట్లో కూర్చుంటే నేను అనే మాటలకు వాళ్లు లేచి నిలబడటమే కాదు, దిగిపోయిన వాళ్లూ ఉన్నారు.

ఆ నెలంతా నేను నోరెత్తలేదు. టికెట్లు కొట్టాను, చిల్లర ఇచ్చాను, అంతే. స్టాపు వస్తే బస్సు ఆగేది, దిగేవాళ్లు దిగేవాళ్లు. ఒకరోజు ఒక లంబాడి ముసలామె మూటతో ఎక్కి, రఘునాథపల్లి వస్తే చెప్పు బిడ్డా, నాకు కండ్లు ఆనవు, అంది. సరే అన్నాను. రఘునాథపల్లి వచ్చింది. బస్సు ఆగింది. బోర్డు చూశాను. ఆమెకు చెప్పాలని కూడా నాకు గుర్తుంది. కానీ నోరు తెరవడం ఎంతో దూరంలో ఉన్న పనిలా అనిపించింది. బస్సు కదిలిపోయింది. చాలా దూరం పోయాక పక్కామె చెబితే ముసలామె లబోదిబోమంటూ లేచింది. డ్రైవర్ బస్సు ఆపి, ఎదురుగా వస్తున్న బండిని చేయెత్తి ఆపి, ఆమెను ఎక్కించి వెనక్కి పంపాడు. దిగుతూ ఆమె నా మొహంలోకి దగ్గరగా చూసింది.

"నోరు లేదా బిడ్డా నీకు?" అంది. కోపంగా అడగలేదు. నిజంగానే మూగదాన్నేమో అని అడిగింది.

నాకు సిగ్గు రాలేదు. రావలసిన చోట సిగ్గు రాలేదన్న సంగతి మాత్రం తెలిసింది. అది తెలియడమే నన్ను కాపాడింది అనుకుంటాను.

మా డ్రైవర్ ముస్లిం, నాకంటే చాలా పెద్ద. అయినా నన్ను అక్కా అనే పిలుస్తాడు. సాయంత్రం డిపోలో బస్సు పెట్టాక నా ఎదుట నిలబడ్డాడు. ఇన్నేళ్ల నుంచి నా లొల్లి వింటూ బండి నడిపానని, ఇప్పుడు వెనక ఎవరూ లేనట్టు ఉంటోందని అన్నాడు. "మా అమ్మీ పోయినప్పుడు నేను సుత జర పరేషాన్ అయిన. కానీ నువ్వు పరేషాన్ అయితలేవక్కా. గదే నాకు బుగులైతుంది" అన్నాడు.

ఆ రోజు ఇంటికి పోయి మా ఆయనతో, గోలీలు ఇక వేసుకోను, అన్నాను. ఆయన ముందు బతిమాలాడు. తర్వాత మా అమ్మాయికి ఫోన్ చేసి ఇచ్చాడు. అమ్మాయి హైదరాబాదులో ఉద్యోగం చేస్తుంది. ఇప్పుడు బాగున్నావు కదమ్మా, మళ్లీ ఎందుకు, అంది. నేను బాగున్నానని మీకెవరు చెప్పారు, అని గట్టిగా అడిగాను. ఎన్నో వారాల తర్వాత నా గొంతు నాకు వినపడింది. వెంటనే మా ఆయన మొహం మాడిపోయింది.

"సూడు, మల్ల కోపం మొదలైంది. గందుకే గోలి ఏసుకోమనేది" అన్నాడు.

"కోపమొస్తే జబ్బు, ఏడిస్తే జబ్బు. సచ్చినదాని తీర్గ పడుంటె పానం మంచిగున్నట్టా? నా చెల్లె సచ్చింది. నాకు కోపమే రావాలె" అన్నాను.

ఆయన లేచి బయటకు వెళ్లిపోయాడు.

మర్నాడు డ్యూటీ మార్చుకుని ఒక్కదాన్నే సర్కారు దవాఖానకు వెళ్లాను. అక్కడ మనసుకు సంబంధించిన డాక్టరమ్మ వారంలో కొన్ని రోజులు కూర్చుంటుందని విన్నాను. చిన్న వయసే. గోలీల అట్ట ఆమె బల్ల మీద పెట్టి, ఇవి వద్దు అన్నాను. ఆమె అట్టను చూసి పక్కన పెట్టి, "ఏమైందమ్మా" అని నన్ను అడిగింది. నన్నే. నేను సూది సంగతి చెప్పాను. ఆమె అంతా విని, "ఏడ్చిండ్రా మీరు?" అంది. ఏడవనియ్యలేదు, అన్నాను.

ఈ మందులు చెడ్డవి కావని, ఇవి లేకపోతే నిలబడలేని వాళ్లు ఉంటారని, వాళ్లకు తానే రాసిస్తానని చెప్పింది. నాకు ఇంత మోతాదు, ఇన్నాళ్లు అవసరమో కాదో ముందు ఎవరైనా నాతో మాట్లాడి తేల్చి ఉండాల్సిందని అంది. ఒక్కసారిగా మానేస్తే ప్రమాదం, మెల్లగా తగ్గిద్దాం, మధ్యలో ఒళ్లు వణుకుతుంది, నిద్ర పట్టదు, చిరాకు పుడుతుంది, అప్పుడు మళ్లీ నా దగ్గరకే రావాలి, ఇంట్లోవాళ్ల దగ్గరకు కాదు, అంది. మా ఆయనను కూడా పిలిపించుకుని మాట్లాడింది. ఆయన ఆమె ముందు తల ఊపాడు గాని దారంతా నాకంటే నాలుగడుగులు ముందే నడిచాడు.

ఆమె చెప్పినట్టే అయింది. చేతులు వణికి టికెట్ మిషన్ జారిపోయేది. తలుపు చప్పుడైతే గుండె అదిరేది. ఒకరోజు అన్నం గిన్నె నేలకేసి కొట్టాను. కొట్టి, ఆ మెతుకులు ఏరుతూ కూర్చున్నాను. మా ఆయన వచ్చి నా ఎదురుగా కూర్చుని తానూ ఏరాడు. డాక్టర్ దగ్గరకు పోదామా అని మాత్రం అనలేదు.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం నిద్రలో జరుగుడూరు కదిలింది. ముందు వాసన వచ్చింది, బొగ్గు తడిసిన వాసన. తర్వాత మా వంటిల్లు పక్క క్వార్టర్ మీదుగా దొర్లుకుంటూ పోయి గోదావరి ఒడ్డున ఆగింది. చెల్లెలు మెట్టు మీద లేదు. నీళ్లలో మోకాళ్ల దాకా దిగి నిలబడి, రెండో జడ అల్లుకుంటూ, నన్ను చూసి మొహం ముడుచుకుంది. "ఎటు పోయినవక్కా గిన్ని దినాలు?" అంది. మెలకువ వచ్చేసరికి దిండు తడిసిపోయింది. ఆ తడిని చేత్తో తడిమి చూసుకున్నాను. నాకు అంత సంతోషం ఎందుకు కలిగిందో ఎవరికి చెబితే అర్థమవుతుంది!

ఏడాది మాసికం దగ్గర పడింది. మహబూబాబాద్ నుంచి మరిది అన్న ఫోన్ చేసి రమ్మన్నాడు. రమ్మని, పెద్దమనుషులు వస్తున్నారు, పోయినసారి లెక్కనే లొల్లి చేయకుండా చూసుకో, అని మా ఆయనకు చెప్పాడు. స్పీకర్ నుంచి నాకు వినపడింది. నేను ముందురోజే బస్సెక్కి భూపాలపల్లి వెళ్లాను, అవ్వను వెంట తీసుకుపోవడానికి.

బాపు లేడు ఇప్పుడు. అవ్వ ఒక్కతే ఒక చిన్న ఇంట్లో అద్దెకుంటుంది. నేను వెళ్లేసరికి టీవీ సౌండు లేకుండా పెట్టుకుని చూస్తోంది. కూతురు పోయినప్పటి నుంచి ఆమె ఏడవలేదని పక్కింటామె నాకు గడపలోనే చెప్పింది. నేను నమ్మలేదు. బాయిలో పోయిన పరాయివాళ్ల కోసం గొంతు పోయేలా ఏడ్చిన మనిషి.

ఎందుకే అవ్వా, అని అడిగాను. రిమోట్ కొంగుతో తుడుస్తూ కూర్చుంది. తర్వాత అంది:

"ఆ దినం నేనొచ్చేసరికి నువ్వు సూదికి పడుకున్నవ్. నేను ఏడిస్తే నీకు తెలుస్తదట. తెలిస్తే నీ మతి పోతదట. ఉన్న ఒక్క బిడ్డనన్న దక్కించుకో అన్నరు ఆ ఇంటోళ్లు. ఊకున్న."

నన్ను అడ్డం పెట్టి ఆమెను, ఆమెను అడ్డం పెట్టి నన్ను నోరు మూయించారు. ఇద్దరమూ ఒకరికోసం ఒకరం మూసుకున్నాం. నాకు ఆ క్షణాన వచ్చిన కోపం మళ్లీ ఎప్పుడూ రాలేదు. రేపు నాతో వచ్చి నా పక్కన కూర్చో అవ్వా, నీకు వచ్చినంత ఏడువు, నాకు వచ్చినంత నేను ఏడుస్తా, ఎవడు ఆపుతాడో చూద్దాం, అన్నాను. అవ్వ టీవీ కట్టేసింది.

మహబూబాబాద్‌లో ఆ పొద్దున ఇల్లంతా శుభ్రంగా, ముందు టెంటు వేసి, కుర్చీలు పరిచి ఉంది. చెల్లెలి ఫోటోకు దండ. మా ఆయన జనగామ నుంచి నేరుగా వచ్చాడు. చెల్లెలి కూతురు నీళ్ల గ్లాసులు పట్టుకుని అందరికీ ఇస్తోంది. పదో తరగతి పరీక్షలున్నాయని, ఏడాదంతా తల్లి మాట ఎత్తొద్దని ఆ పిల్లకూ చెప్పారట. గోలీలు లేకుండానే ఆమెకు కూడా నిమ్మళం పట్టించారు.

పంతులు పని అయిపోయింది. భోజనాలకు లేవబోతున్నారు. అవ్వ ఫోటో ముందు కూర్చుంది, నేను పక్కన కూర్చున్నాను. అవ్వే అందుకుంది. ఏడాది పాటు వాడని గొంతు, మొదట పగిలినట్టు వచ్చింది. తర్వాత సాగింది. మహదేవపూర్‌లో గోదావరి పొంగిన ఏడు పుట్టిన బిడ్డవని, ఎడ్లబండిలో నిన్ను ఒడిలో పెట్టుకుని వచ్చానని, పుట్టినప్పుడే నీళ్లు దాటిన దానివి ఈ జ్వరం దాటకపోతివా అని ఏడ్చింది. నేను మంచం కింద ఆడుకున్న ఆటల దగ్గర అందుకున్నాను. గోదావరి నడుమ కట్టిన బడి, చెట్టు మీద పెట్టిన బాయి, అన్నీ వచ్చాయి. పెళ్లి వచ్చింది. ఈ ఇంటి పొయ్యి వచ్చింది. జ్వరం వచ్చింది. ఏదీ దాచలేదు.

మరిది అన్న దగ్గరకు వచ్చాడు. జనం చూస్తున్నారని గొంతు తగ్గించి, "ఇది మా ఇల్లు. ఇజ్జత్ ఉన్న ఇల్లు. ఊకుంటరా, డాక్టర్‌ను పిలవాల్నా?" అన్నాడు.

నేను ఏడుపు ఆపి తలెత్తాను.

"ఇది నా చెల్లె వండిపెట్టిన ఇల్లు. సూది పట్టుకుని ఎవరన్న ఈ గడప ఎక్కితే, ఆ సూది ఎవరికి పడ్తదో మీరే సూస్తరు" అన్నాను. మళ్లీ ఏడుపు అందుకున్నాను.

ఆయన మా ఆయన వైపు తిరిగాడు. పోయినసారి అలాగే తిరిగాడు, అప్పుడు మా ఆయన తల వంచాడు. ఈసారి మా ఆయన కుర్చీలోంచి లేచి వచ్చి మా ఇద్దరి వెనక నిలబడ్డాడు. "ఏడువనియ్యుండ్రి అన్నా" అన్నాడు. అక్కడి నుంచి జరగలేదు.

లోపలి నుంచి ముసలామె, చెల్లెలి అత్త, గోడ పట్టుకుని వచ్చింది. ఆమె కూడా మమ్మల్ని తిడుతుందేమో అనుకున్నాను. అవ్వ పక్కన కూలబడి, వియ్యపురాలి చేయి పట్టుకుని, నాకు ముద్ద కలిపి పెట్టేదానివి కోడలా, నాకంటే ముందు పోతివా, అని తన మరిపెడ రాగంలో ఎత్తుకుంది. పెద్దకొడుకు అమ్మా అని ఒకసారి పిలిచాడు. ఆమె వినిపించుకోలేదు. ఆ తర్వాత ఇంకెవరూ ఆపడానికి రాలేదు. మా మరిది టెంటు గుంజకు ఆనుకుని, మొహానికి తువ్వాల అడ్డం పెట్టుకున్నాడు. కుర్చీల్లో కూర్చున్న పెద్దమనుషుల్లో కొందరు లేచి వెళ్లిపోయారు. కొందరు కళ్లు తుడుచుకున్నారు. భోజనాలు చల్లారిపోయాయి.

చెల్లెలి కూతురు గ్లాసుల పళ్లెం ఎక్కడో పెట్టేసి వచ్చి నా ఒడిలో తల పెట్టింది. ఏడ్చి ఏడ్చి ఎక్కిళ్ల మధ్య, "పెద్దమ్మా, బడిని గోదాట్ల ఎందుకు పెట్టింది మా అమ్మ?" అని అడిగింది. పడవలో పోతే బడికి లేటయినా సారు కొట్టడని పెట్టిందే, అన్నాను. ఆ పిల్ల ఏడుస్తూనే నవ్వింది.

అవ్వను భూపాలపల్లి బస్సెక్కించాక, తిరుగు రైలులో మా ఆయన కిటికీ వైపు చూస్తూ కూర్చున్నాడు. డోర్నకల్ వైపు నుంచి వచ్చిన రైలు, నిలబడేందుకు కూడా చోటు లేదు, మాకు ఎవరో కొంచెం సీటు ఇచ్చారు. కాజీపేట దాటాక నెమ్మదిగా అన్నాడు, వాళ్లన్న పోయినప్పుడు వాళ్లమ్మను కూడా ఏడవనియ్యలేదని. "ఊకో అవ్వా ఊకో అని నేనే ముందుండి ఊకోబెట్టిన. ఆమె ఊకున్నది. మల్ల ఎన్నడు మాట్లాడలే" అన్నాడు. నేను ఊరుకోమని అనలేదు. ఆయన కళ్లు తుడుచుకోకుండా కూర్చున్నాడు, రైల్లో అందరూ చూస్తుండగా.

ఆ ఇంటి నుంచి ఇప్పుడు మాకు పిలుపులు రావు. రాకపోయినా ఫర్వాలేదు. చెల్లెలి కూతురు ఇంటర్‌లో చేరింది. సెలవులకు మా ఇంటికి వస్తుంది. వాళ్ల పెదనాన్న వద్దన్నా వస్తుంది. మా వాడకట్టులో కొందరు నాకు నోరు ఎక్కువని అంటారు. ఇంతకుముందు కూడా అనేవాళ్లే, ఇప్పుడు కొంచెం ఎక్కువ అంటారు. డాక్టరమ్మ దగ్గరకు అప్పుడప్పుడు వెళ్లి వస్తాను. గోలీలు పూర్తిగా ఆగిపోయాయి. అవసరమైతే మళ్లీ వేసుకుంటాను. కానీ అది నా నోటితో నేను అడిగి వేసుకునేది అవుతుంది.

అవ్వ ఆదివారాలు భూపాలపల్లి నుంచి ఫోన్ చేస్తుంది. ఎత్తగానే ఏడుస్తుంది. నేను కూడా ఏడుస్తాను. కాసేపు అలా ఏడ్చి, ముక్కు చీది, "ఏం కూర వండినవ్?" అని అడుగుతుంది.